పుష్యమిలో మసక

యజ్ఞేశ్వర సిద్ధాంతిగారు పంచాంగం గుణించే మనిషే అయినా, పొద్దు వాలాక లెక్కలు ముట్టుకునేవారు కారు. డాబా మీద చాప పరిపించి, ఆకాశం చూస్తూ కూర్చునేవారు. శిష్యులు ఏదడిగినా సమాధానం ఆ కూర్చోవడంలోనే దొరకాలి. దొరక్కపోతే మర్నాటికి వాయిదా.

శిష్యుల్లో గవర్రాజు అనే అతను లెక్కల మేష్టారి ఉద్యోగం మానుకుని వచ్చినవాడు. పుస్తకాలు బాగా చదివినవాడు. ఒక ఫాల్గుణ బహుళంలో, చంద్రుడు ఇంకా రాని చీకట్లో, ఇలా అడిగాడు.

"గురువుగారూ, పుష్యమిలో ఉన్నది మబ్బు మరక కాదు, చుక్కల గుంపని ఇటలీలో ఒకాయన దుర్భిణి గొట్టం పెట్టి చూసి చెప్పాడు. బాగుంది. కానీ అంతకు ఎంతో ముందే, గొట్టాలే లేని రోజుల్లో, అక్కడ చిన్న మబ్బుందని గ్రీకులు రాసుకున్నారు. వాళ్ళెలా కనిపెట్టారు? నేను నెల్లాళ్ళుగా కళ్ళు పొడుచుకుని చూస్తున్నాను. చీకటి తప్ప ఏమీ లేదు."

"నీ చూపు మరీ గట్టిది నాయనా" అన్నారు సిద్ధాంతిగారు.

మర్నాడు సాయంత్రం బస్సుకి ఒకావిడ కూతుర్ని వెంటబెట్టుకుని వచ్చింది. ఆవిడ పేరు మంగతాయారు. కూతురు హైమకి పద్నాలుగేళ్ళు. దసరాల్లో హైమ తమ్ముడు, చిన్నపిల్లాడు, జ్వరమొచ్చి పోయాడు. వాణ్ణి తీసుకెళ్ళిన నాటి నుంచి హైమ నోరు విప్పలేదు. కాకినాడలో డాక్టరు గొంతు చూసి, లోపమేమీ లేదన్నాడు. అన్నం పెడితే తింటోంది. జడ వేస్తే కూర్చుంటోంది. అంతే.

"పిల్లది పుష్యమీ నక్షత్రమండి. ఏదైనా శాంతి చేయించండి. ఇదీ నాకు దక్కదేమోనని భయంగా ఉందండి" అంది మంగతాయారు. మాట్లాడుతున్నంతసేపూ పిల్ల మొహమే చూస్తోంది. మంచినీళ్ళిస్తే, తాగుతూ కూడా గ్లాసు అంచు మీంచి ఆ మొహాన్నే చూసింది. హైమ తల ఇంకాస్త దించుకుంది.

"పుష్యమిని ఎప్పుడైనా చూశావా అమ్మా?"

"నక్షత్రాన్నా?" ఆవిడ తెల్లబోయింది. "పేరు చెప్పి పూజ చేయించడమే గానీ, చూడ్డం ఎక్కడండీ? అందరూ అంతే కదండీ."

"అందరూ అంతే. పిల్లని చూడకుండా పెళ్ళి కుదిర్చినట్టు" అని నవ్వారు ఆయన. "శాంతి సంగతి తరవాత. ముందు ఒకసారి చూడండి. చీకటి పడిందిగా, రండి."

డాబా మీద తల్లీ కూతుళ్ళని పక్కపక్కనే కూర్చోబెట్టారు. గవర్రాజు చెయ్యెత్తి చూపించాడు. నడినెత్తిన పునర్వసు జంట, దానికి తూర్పుగా మఖ. రెండింటి మధ్యా ఖాళీగా కనిపించే చోట పుష్యమి.

"చూస్తున్నావా తల్లీ? కనిపిస్తోందా? ఉందనైనా అనవే" అంటోంది మంగతాయారు, కూతురి మీదికి వంగి.

"పుష్యమి అక్కడ లేదమ్మా, పైన ఉంది" అన్నారు సిద్ధాంతిగారు.

ఆవిడ సిగ్గుపడి తల ఎత్తింది. కాసేపు పైకీ, కాసేపు కూతురి వైపూ చూసింది.

"ఏమీ లేదండీ."

"దాన్ని చూడకు. పక్కనో సన్న చుక్క ఉంది, కన్ను దాని మీద పెట్టు. గుచ్చి చూస్తే మసకబారుతుంది, చూపు తప్పిస్తే వెలుగుతుంది అని ఇలాంటిదే ఓ చుక్క గురించి గ్రీకు పండితుడొకాయన రెండువేల ఏళ్ళ కిందటే రాశాట్ట. మసక వస్తే రానీ. వచ్చింది కదా అని అటు తిరక్కు."

ఆవిడ చెప్పినట్టే చేసింది. కాసేపటికి, "ఉందండీ! సున్నం చేత్తో తుడిచినట్టు..." అంది. అంటూనే అటు చూసింది. పోయింది. చిన్నపిల్లలా ఉక్రోషపడింది. మళ్ళీ సన్న చుక్క మీద కన్ను పెట్టింది. మళ్ళీ వచ్చింది. ఈసారి కదల్లేదు. ఇన్ని నెలల్లో ఆవిడ కూతురి మొహం మీంచి చూపు తీసింది అదే మొదలు.

అప్పుడు పక్కనుంచి, బొంగురుగా, వాడక తుప్పుపట్టినట్టున్న గొంతు వినిపించింది.

"బుజ్జిగాడికి చూపిస్తానన్నాను."

మంగతాయారు మెడ చటుక్కున కదిలింది. గవర్రాజు అది చూశాడు. కూతురి వైపు పూర్తిగా తిరగబోయి, ఆగింది. రెండు చేతులతో చాప అంచు పట్టుకుంది.

"ఏం చూపిస్తానన్నావే?" అంది, పుష్యమితో అన్నట్టు.

"వాడి చుక్క. వాడిది కృత్తిక కదా, పిల్లలకోడి. ఒక్కసారి డాబా ఎక్కించవే అక్కా అన్నాడు. ఒళ్ళు కాలిపోతోంది. రేపన్నాను."

నీ తప్పేం లేదమ్మా అనే మాట గవర్రాజు నాలిక దాకా వచ్చింది. సిద్ధాంతిగారు అతని మోకాలి మీద చెయ్యి వేశారు.

"నన్నూ అడిగాడు" అంది మంగతాయారు. కళ్ళ నీళ్ళు చెవుల్లోకి కారుతున్నాయి, తుడుచుకోలేదు. "పెరుగన్నం తింటానమ్మా అన్నాడు. జ్వరంలో వద్దురా, రేపు అన్నాను."

"నాకు చెప్పలేదేం?"

"నువ్వు చెప్పావేంటే?"

హైమ నవ్విందో ఏడ్చిందో, చీకట్లో తెలియలేదు. తల తెచ్చి తల్లి భుజం మీద పెట్టుకుంది. పడమటి వైపు వేలు చాపి, "అదిగో వాడిది" అంది. ఇద్దరూ అటు తిరిగి కూర్చున్నారు. పుష్యమి వాళ్ళ తలల మీద అలాగే ఉంది, చూసేవాళ్ళు లేక.

తెల్లవారి మొదటి బస్సుకి వాళ్ళిద్దరూ వెళ్ళిపోయారు. హైమ ఏదో వాగుతూనే బస్సెక్కింది. తల్లి కిటికీలోంచి బయటికి చూస్తూ వింటోంది.

గవర్రాజు ఉప్పొంగిపోయాడు. గురువుగారు స్నానం చేసి వచ్చేదాకా ఆగలేకపోయాడు.

"మాట వచ్చిందండీ! వచ్చే ఏడాది పంచాంగంలో పుష్యమీ దర్శనాన్ని శాంతిగా వేసేద్దాం. ఎంతమందికి మేలు!"

సిద్ధాంతిగారు తడి కండువా పిండుకుంటూ ఆలోచించారు.

"వెయ్యి. కానీ ఆ గొంతు విన్నాక మెడ తిప్పకుండా ఉండడం ఎలాగో కూడా వెయ్యాలి. అది నాకు రాదు నాయనా. ఆవిణ్ణే అడిగి రా."