కొర్రమీను చెప్పిన నిజం

అనగనగా, మబ్బులు కొండల మీద వాలి మెల్లగా కబుర్లాడుకునే కాలంలో, కుముదసేనుడనే రాజు ఉండేవాడు. దయగలవాడే. కానీ కంటికి ఇంపుగా ఉన్నదే మంచిదని ఆయన నమ్మకం.

ఆ రాజు కోట వెనుక ఒక కొలను తవ్వించాడు. ఏటి ఒడ్డున ఉండే ఎర్రన్న అనే జాలరిని పిలిపించి, వెయ్యి కొర్రమీనులు తెప్పించి అందులో వదిలించాడు.

నాచు అడ్డొచ్చి చేపలు కనబడటం లేదని, రాజు నాచంతా తీయించాడు. కప్పల బెకబెకలు చెవికి ఇంపుగా లేవని, కప్పల్నీ నత్తల్నీ బుట్టలకెత్తి దూరంగా వదిలించాడు. గట్టున గడ్డి ఉంటే పురుగులు ముసురుతాయని, గడ్డి నున్నగా కోయించాడు.

కొలను తేటపడింది. మబ్బు పైన పోతోందో నీళ్ళలో పోతోందో తెలియనంత తేటగా అయింది. రోజూ పొద్దు వాలే వేళ రాజు గట్టున కూర్చుని గుప్పెడు పేలాలు చల్లేవాడు. అవి మల్లెల్లా తేలేవి. వాటి కింద చేపలు నీడల్లా కదిలేవి. చూస్తూ చూస్తూ ఆయన కలలోకి జారినట్టు కూర్చుండిపోయేవాడు.

అయితే నెల తిరిగేసరికి చేపలు పలచబడ్డాయి. మరో నెలకు సగమైనా లేవు.

రాజు దండనాయకుణ్ణి పిలిచాడు. "కొంగల పని అయి ఉంటుంది, ప్రభూ" అన్నాడతను. కొలను మీద వల కప్పించాడు. ఒక్క కొంగా వాలలేదు. చేపలు మాత్రం తగ్గాయి. "అయితే దొంగల పని" అంటూ చుట్టూ కాపలా పెట్టించాడు. ఒక్క దొంగా రాలేదు. చేపలు ఇంకా తగ్గాయి.

మూడోసారి దండనాయకుడు ఎర్రన్నను పట్టి తెచ్చాడు. "తెచ్చినవాడికే పట్టడమూ తెలుసు, ప్రభూ. వీడేదో ఉపాయం పన్నాడు."

రాజుకు కోపం వచ్చింది. ఎర్రన్నను చెరలో వేయించాడు. పున్నమిలోగా దొంగతనం ఒప్పుకోకపోతే, జాలరిపేట మొత్తం రాజ్యం విడిచి పోవాలన్నాడు.

ఎర్రన్నకు నూకాలు అని ఒక అక్క ఉంది. తల్లి పోయాక తమ్ముణ్ణి ఆమే పెంచింది. ఆమె కోటకు వచ్చి రాజుకు దణ్ణం పెట్టింది.

"దొరా, మూడు రోజులు నన్ను ఆ గట్టున కూర్చోనివ్వండి."

"కూర్చుని ఏం చేస్తావు?"

"చూస్తాను, దొరా. ఇంతవరకూ అందరూ కొలను చుట్టూ చూశారు. కొలనులోకి ఎవరూ చూడలేదు."

రాజు సరేనన్నాడు.

మొదటి రోజు నూకాలు చిన్న చేపల్ని చూసింది. అవన్నీ గట్టు వారన ఒకదాన్నొకటి ఒరుసుకుని వణుకుతున్నాయి. దాక్కుందామంటే ఒక్క ఆకైనా లేదు.

రెండో రోజు పెద్ద చేపల్ని చూసింది. తలలు పెద్దవిగా, ఒళ్ళు బద్దల్లా ఉన్నాయి. పేలాలు ముక్కుకు తగిలినా అవి పక్కకు తప్పుకుంటున్నాయి.

మూడో రోజు తెల్లవారుజామున కొలనంతా పొగమంచు. ఆ మంచు కింద ఎర్రటి పిల్లల గుంపొకటి, పువ్వు విచ్చుకుని ముడుచుకున్నట్టు కదులుతోంది. వాటి కిందే తల్లి కొర్రమీను కాపలాగా తిరుగుతోంది. చూస్తుండగానే ఆ తల్లి ఒక్కసారిగా పైకి లేచి, తన పిల్లల్లోనే నాలుగింటిని మింగింది.

నూకాలు నీళ్ళ మీదికి వంగింది. "ఓ తల్లీ, కన్న బిడ్డల్నే ఎలా తిన్నావు?" అంది.

కొర్రమీను నీటి పైకి తల ఎత్తింది. "ఏటిలో ఉన్నప్పుడు పిల్లల మీద కొంగ నీడ పడినా ఎదురు వెళ్ళేదాన్ని, అమ్మా. అప్పుడు నాకు కప్పపిల్లలు, రొయ్యలు, పురుగులు దొరికేవి. మాది మాంసం తినే నోరు. పేలాలు దిగవు. ఇక్కడ కళ్ళు తెరిస్తే కదిలేవి నా పిల్లలే. ఆకలి పైకొచ్చిన ఆ క్షణంలో, అవి నావని కూడా తెలియడం లేదు. తిన్నాక తెలుస్తోంది."

అలా చెప్పి అది మంచులోకి జారిపోయింది. నూకాలు చాలాసేపు ఆ నీళ్ళలో చెయ్యి పెట్టుకుని కూర్చుంది.

సభకు వెళ్ళే దారిలో దండనాయకుడు ఆమెను ఆపాడు. "నీ ముఖం చూస్తే నీకేదో తెలిసినట్టుంది. తప్పు రాజుగారి మీదకు వచ్చేదైతే చెప్పకు. ఏటి నుంచి నీరుకుక్క వచ్చి చేపల్ని తింటోందని చెప్పు. నీ తమ్ముణ్ణి ఈ పూటే విడిపిస్తాను."

నూకాలుకు తమ్ముడి ముఖం కళ్ళ ముందు మెదిలింది. "మీ మాట వింటే నా తమ్ముడు వస్తాడు, అయ్యా. కొలనులో పిల్లలు మాత్రం పోతూనే ఉంటాయి" అని ముందుకు నడిచింది.

రాజు ముందు ఉన్నదున్నట్టు చెప్పింది.

"కన్న బిడ్డల్ని తినే జీవం బతకకూడదు. పెద్ద చేపలన్నిటినీ చంపండి" అన్నాడు రాజు.

"చంపండి, దొరా. అప్పుడు మధ్య చేపలే పెద్దవి అవుతాయి. ఇవాళ భయపడుతున్న పిల్లలే రేపు మరొకదాన్ని మింగుతాయి. అన్నిటినీ చంపితే గానీ మీ తీర్పు పూర్తి కాదు."

రాజు లేచి ఒక్కడే కొలను దగ్గరికి నడిచాడు. తల్లి కొర్రమీను పైకి వచ్చింది.

"నీకు నేనేం తక్కువ చేశాను?" అని అడిగాడు.

"మీరు చల్లిన పేలాలు చాలా అందంగా ఉండేవి, ప్రభూ. కడుపు మాత్రం నిండలేదు" అంది కొర్రమీను.

రాజు గట్టున కూలబడ్డాడు. తాను మురిసిపోతూ చూసిన ప్రతి సాయంత్రమూ ఆ చేపలు ఆకలితో ఉన్నాయని ఆయనకు అప్పుడు తెలిసింది. తలవంచుకుని, "తప్పు నాదే" అన్నాడు.

ఎర్రన్న ఆ పూటే విడుదలయ్యాడు. అక్క చెప్పినట్టు నాచు తెచ్చి వేశాడు, కప్పల్ని, నత్తల్ని, రొయ్యల్ని వదిలాడు, గట్టున గడ్డి పెరగనిచ్చాడు. తల్లి కొర్రమీనును అక్కడే ఉంచి, మిగతా పెద్ద చేపల్ని వేరే మడుగులోకి మార్చాడు. తల్లి కొర్రమీను మళ్ళీ పిల్లల్ని పెట్టింది. ఈసారి వాటి కింద అది నిలకడగా తిరిగింది. పోయిన పిల్లలు మాత్రం తిరిగి రాలేదు.

కొన్నాళ్ళకు దండనాయకుడు కొండపల్లె నుంచి ఇద్దరు అన్నదమ్ముల్ని కట్టి తెచ్చాడు. "బుట్టెడు జొన్నల కోసం ఒకడి తల ఒకడు పగలగొట్టుకున్నారు, ప్రభూ. ఏ శిక్ష వేయమంటారు?"

రాజు సింహాసనం దిగి వాళ్ళ దగ్గరికి వెళ్ళాడు. "మీరు కడుపునిండా తిని ఎన్నాళ్ళయింది?" అని అడిగాడు.

వాళ్ళిద్దరూ ఒకరి ముఖం ఒకరు చూసుకుని ఏడ్చారు. రాజు వాళ్ళ కట్లు విప్పించి ముందు అన్నం పెట్టించాడు. ఆ సాయంత్రమే కొండపల్లెకు ధాన్యపు బళ్ళు కదిలాయి.

తనవాళ్ళ మీదే నోరు తెరిచినవాణ్ణి చూసినప్పుడు, శిక్ష గురించి ఆలోచించే ముందు వాడి ఆకలి గురించి అడగాలి.