ఈరక్క అడవిలో వదిలిన పురుగులు

అడవి ఊరి గడపదాకా ఉన్న రోజుల మాట. మా అమ్మమ్మకు అమ్మమ్మ కూడా పుట్టలేదు. గోదారి ఒడ్డున ఒక ఊరు ఉండేదట. ఆ ఊరివాళ్ళకు పొలాల్లేవు. నల్లమద్ది చెట్ల మీద పట్టుపురుగులను సాకేవారు. వేలంత లావు పచ్చని గొంగళిపురుగులు. అవి ఆకు తింటుంటే చెట్టు కింద సన్నజల్లు పడుతున్నట్టు చప్పుడయ్యేదట. తిని తిని అవి కట్టుకునే గూడే పట్టుకాయ. అదే ఊరికి కూడు.

ఈరక్క అనే ముసలమ్మకు చెట్టూ లేదు, చుట్టమూ లేదు. వడిసెల తిప్పి అందరి చెట్ల మీద పిట్టలను తోలేది. గంజి తాగేది.

జారిపడ్డ పురుగును ఎవరూ మళ్ళీ చెట్టెక్కించరు. రోగముంటుందని భయం. చీమలకు వదిలేస్తారు. ఈరక్క వాటిని దొప్పలో ఏరుకొని, గుడిసెలో మద్దాకు పెట్టి సాకేది. తేరుకున్నవాటిని పట్టుకొని అడవిలోకి నడిచి, నడిచి, నడిచి, ఒక మద్దిచెట్టు మీద వదిలేది.

మొదటి ఏడు ఎందుకని అడిగారు. రెండో ఏడు నవ్వారు. "పురుగులకు అత్తగారిల్లు చూసొచ్చినవా, ఈరక్కా?" మూడో ఏడు ఊరిపెద్ద సాయన్న కసిరాడు. ఆమె ఒకటే మాటంది.

"మన చెట్టు మీదుంటేనే మనవా, సాయన్నా?"

ఆ మరుసటేడు తెగులొచ్చింది. పురుగులు మెత్తబడి తలకిందులుగా వేలాడాయి. మూడు రోజుల్లో చెట్ల కింద ఆ చప్పుడు ఆగిపోయింది. విత్తనానికని మిగిలినవి కొన్ని కాయలే. వాటిలోంచి తొమ్మిది సీతాకోకలు వచ్చాయి. తొమ్మిదీ ఆడవే. మగది లేనిదే గుడ్డు పిల్ల కాదు. ఇక ఊరు ఖాళీ చేసి పోవడమేనని సాయన్న తలపట్టుకున్నాడు.

"ఆడపిల్లలను ఇంట్ల దాచి మొగడు రాలేదంటే ఎట్లయ్యా?" అంది ఈరక్క. "అడవిల నా పిల్లలున్నరు. రానీ."

ఒక్కోదాని రెక్కకు మెత్తగా దారం కట్టి, అడవివైపు కొమ్మకు వేలాడదీసింది. తాను కింద కూర్చుంది. ఆడ సీతాకోక మగదాన్ని అరిచి పిలవదు. తన వాసనను గాలికి అప్పగిస్తుంది, అంతే.

మొదటి సందెవేళ ఏదీ రాలేదు. రెండో సందెవేళా రాలేదు. గాలి అడవి నుంచి ఊరివైపే వీస్తోంది. రెండు సీతాకోకలు చచ్చిపోయాయి. మూడో సందెవేళ గాలి తిరిగింది.

అప్పుడు వచ్చాయట. ముందు ఒకటి. వెనక ఒకటి. ఆ వెనక, ఎండుటాకులు లేచి ఎగిరొస్తున్నట్టు, లెక్కలేనన్ని. ఒక్కో రెక్క మీద అద్దపు కన్నులాంటి ఒక్కో మచ్చ. ఊరంతా తలెత్తి చూస్తూ నిలబడింది. సాయన్నే ముందు కదిలి, చెట్టు కింద ఈరక్క దగ్గర కూర్చొని చెప్పాడు.

"ఈరక్కా, నీ పిల్లలొచ్చిన్రు."

ఆమె పలకలేదు. కళ్ళు తెరిచే ఉన్నాయి, అడవివైపు. ప్రాణం లేదు. చూసి పోయిందో, చూడకుండా పోయిందో ఎవరికీ తెలియదు. చూసిందనే మా అమ్మమ్మ అనేది. నేనూ అదే అంటాను.

ఇప్పటికీ అక్కడ విత్తనం కాయలు విచ్చే వేళ మొదట వచ్చిన ఆడ సీతాకోకను అడవివైపు కొమ్మకే కడతారు. దాని పిల్లలను ఎవరూ ఉంచుకోరు, అడవికే వదులుతారు. ఆ కొమ్మ మీద మొదటి మగది వాలగానే, ఎవరు చూస్తే వాళ్ళు, చిన్నపిల్లలైనా సరే, చెట్టు మొదట్లో కూర్చొని మెల్లగా చెబుతారు.

"ఈరక్కా, వచ్చిన్రు."