గడువురాయి కలిపిన సున్నం

తెల్లకొండ కింద సున్నపు బట్టీ పెట్టుకుని బతికే ఓబులేసు మంచి పనివాడే గానీ, దేనికీ ఆగలేని తొందర మనిషి. అన్నం ఉడికీ ఉడకకముందే గిన్నె మూత తీసేవాడు. విత్తనం నాటిన మరునాడే మట్టి గీకి మొలక వచ్చిందేమో చూసేవాడు.

అలాంటివాడికి ఆగడమే సగం పనిగా ఉండే వృత్తి దొరికింది. కొండరాయిని కాల్చి, నీళ్లు పోసి చల్లార్చిన సున్నాన్ని గుంటలో నానబెట్టాలి. ఏడాది నానితే అది వెన్నలా అవుతుంది. అప్పుడే గోడ మీద పగలకుండా నిలుస్తుంది. ఓబులేసు రోజూ గుంట దగ్గరికి పోయి కర్రతో కెలికేవాడు. ఇంకా కాలేదని విసుక్కుంటూ తిరిగి వచ్చేవాడు.

అతని భార్య సుంకులమ్మ నిదానస్తురాలు. మధ్యాహ్నం భోజనం కాగానే గడప మీద కూర్చుని తమలపాకుల ఈనెలు తీసి, సున్నం రాసి, వక్క పెట్టి, తనకొకటి, మొగుడికొకటి చుట్టేది. సున్నం కాల్చే ఇంట్లో సున్నం కొనుక్కోవడం ఏమిటి? గుంటలోంచే కాస్త తీసి సున్నపుకాయలో పెట్టుకునేది. "ఒక ఆకు ఏసుకోని పో" అనేది. అతను అప్పటికే చెప్పులు తొడుక్కుని ఉండేవాడు. వచ్చాక వేసుకుంటానని వెళ్లిపోయేవాడు. వచ్చాక ఆ మాటే గుర్తుండేది కాదు.

ఆ కొండలో ఎప్పుడో గానీ దొరకని రాయి ఒకటి ఉండేది. తేనె రంగులో మెరిసేది, పట్టుకుంటే నీడలో కూడా వెచ్చగా ఉండేది. దాన్ని గడువురాయి అనేవాళ్లు. అది కలిసిన దేని మీదైనా ఏళ్లు పూటల్లో గడిచిపోతాయి. అందుకే సున్నపువాళ్లకు ఒక కట్టుబాటు ఉండేది. గునపానికి ఆ రాయి తగిలితే దాన్ని అదే గోతిలో పూడ్చేసి, ఆ రోజు పని మానేసి, వెనక్కి చూడకుండా ఇంటికి పోవాలి. ఓబులేసు తండ్రి బతికున్నప్పుడు అలాగే పూడ్చాడు. కొడుకును పక్కన నిలబెట్టుకుని మరీ పూడ్చాడు.

ఒక వేసవిలో పట్నం షావుకారు మేడ కట్టించడం మొదలుపెట్టాడు. బాగా నానిన సున్నం ఎంత ఉంటే అంత పంపమని కబురు చేశాడు. ఓబులేసు గుంటలో ఉన్నది ఈమధ్యే పోసిన సున్నం. వేళ్ల మధ్య ఇంకా గరగరమంటోంది. చేతికొచ్చిన పని ఇంకొకరికి పోతుందని అతనికి కడుపు మండిపోయింది. సరిగ్గా ఆ రోజుల్లోనే అతని గునపం కింద గడువురాయి మెరిసింది.

అన్నం తెచ్చిన సుంకులమ్మ దాన్ని చూసి జంకింది.

"పూడ్చిపెట్టు. మామ జెప్పింది మర్సిపోతివా?" అంది.

"పూడుస్తాలే, నువ్వు పో" అన్నాడు ఓబులేసు.

పూడ్చలేదు. ఆమె ఇల్లు చేరేలోపే దాన్ని పొడి కొట్టి గుంటలో కలిపేశాడు. తెల్లారేసరికి సున్నం వెన్నలా మారింది. ఆ గుంటలో పోసిన పచ్చి సున్నం కూడా మరునాటికల్లా అలాగే తయారయ్యేది. ఓబులేసు ఆనందం పట్టలేకపోయాడు. ఏడాది ఆగాల్సిన అవసరం ఇక లేదు కదా!

అప్పటినుంచి చీకటితోనే బండి కట్టి, పొద్దు గూకాక ఇల్లు చేరేవాడు. సుంకులమ్మ మోకాళ్లు నొప్పులంటే, మేడ పని అయ్యాక వైద్యుడికి చూపిద్దామన్నాడు. కళ్లు మసకబారుతున్నాయంటే మళ్లీ అదే మాట అన్నాడు. గుడ్డిదీపం వెలుగులో ఆమె పెట్టిన కూడు చూసేవాడు గానీ ఆమెను చూసేవాడు కాదు. అతని మీద నాకు కోపం వచ్చేది ఇక్కడే. రాయి కలపడం ఒక తప్పయితే, ఇంట్లో మనిషిని కళ్లెత్తి చూడకపోవడం అంతకు మించిన తప్పు.

ఒకనాటి ఉదయం మేడ దగ్గర మేస్త్రీ దస్తగిరి అతన్ని ఆపాడు. మొన్నటిదాకా నల్లగా నిగనిగలాడిన అతని జుట్టు నెరిసిపోయి ఉంది.

"ఓబులేసూ, నీ సున్నం మెత్తగుందని కొన్నాళ్లు ఆకులోకి ఏసుకుంటి. నా తల జూడు. ఏం కలిపినావు దాంట్లో?"

ఆ మాట వినగానే ఓబులేసుకు గడప మీది సున్నపుకాయ కళ్లముందు మెదిలింది. బండిని అక్కడే వదిలేసి పరుగెత్తాడు. బతుకంతా తొందరపడ్డాడు గానీ, తొందర అవసరమైంది ఆ ఒక్కరోజే. ఆ రోజే ఆలస్యమైపోయింది.

గడప మీద ఒక ముసలావిడ వంగి కూర్చుని, పళ్లు లేనివాళ్లు చేసినట్టు చిన్న రోట్లో ఆకూ వక్కా దంచుకుంటోంది.

"అవ్వా, మా ఇంటామె యాడుంది?" అన్నాడు రొప్పుతూ.

"ఈడే ఉండాను గదా," అందామె. "నువ్వే నా పక్క సూసి శానా దినాలాయ."

ఓబులేసు రాయి సంగతంతా ఏడుస్తూ చెప్పాడు. పూడుస్తానని నాతో ఎందుకన్నావని మాత్రమే ఆమె అడిగింది. తానూ ముసలివాడినై పోతానని సున్నపుకాయ అందుకుంటే, ఆమె లాక్కుంది.

"నన్ను సూసుకునేదానికి ఒకరుండాల గదా" అంది.

ఎంతమంది వైద్యులను పిలిచినా పోయిన వయసులో ఒక్క రోజు కూడా తిరిగి రాలేదు. ఓబులేసు బట్టీ ఆర్పేసి, పాత గుంటను మట్టితో పూడ్చేశాడు. ఊళ్లోంచి వేరే సున్నం తెచ్చి, రోజూ మధ్యాహ్నం ఆమె పక్కన కూర్చుని ఆకు దంచి పెట్టేవాడు. తనూ ఒకటి నోట్లో వేసుకునేవాడు. ఇప్పుడతనికి ఎక్కడికీ వెళ్లే తొందర లేదు. కానీ ఆమెకే కాలం మిగల్లేదు. తొలకరి పడకముందే సుంకులమ్మ కన్నుమూసింది.

ఆమె సమాధికి సున్నం వేయాలి. ఓబులేసు కొత్త గుంట తవ్వాడు. బట్టీ మళ్లీ వెలిగించి రాయి కాల్చి, చల్లార్చి, నానబోశాడు. ఏడాది పొడుగునా గట్టున కూర్చున్నాడు గానీ ఒక్కసారి కూడా కర్ర పెట్టి కెలకలేదు. వెన్నలా అయ్యాక తెచ్చి సమాధికి తన చేత్తోనే పూశాడు. అది తెల్లగా, పగులు లేకుండా నిలిచింది. చూడాల్సిన మనిషే లేదు.

కాలం పట్టే పనికి కాలం ఇవ్వాలి. తొందరపడి మనం మిగుల్చుకున్నామనుకునే రోజులు మనల్ని నమ్ముకున్నవాళ్ల బతుకులోంచే తరిగిపోతాయి.