పోయొచ్చమ్మ గట్టు మాహాత్మ్యం

పోయొచ్చమ్మ గట్టు ఎక్కిన భక్తులకు ముందుగా కనిపించేది మూతపడని తలుపు. రెండు రెక్కల్లో ఒకదాన్ని పగలూ రాత్రీ తెరిచే ఉంచుతారు. లోపల విగ్రహం లేదు. ఒక రాతి గడప, దాని పక్కన నీళ్ళ చెంబు, ఒక దీపం, అంతే. కొత్తగా వచ్చినవారు అమ్మవారేరీ అని చుట్టూ వెతకడం, పూజారి నవ్వి గడప వైపు చూపడం ఇక్కడ మామూలే.

పూర్వం ఇక్కడ బొప్పన సోమయాజి అనే వైయాకరణుడు ఉండేవాడు. వ్యాకరణంతో కాలాన్ని పట్టి నిలిపే విద్య ఆయనది. క్రియ ముగిస్తే క్షణం ముగుస్తుందని, అలా కాకుండా "వచ్చి, చూసి, తిని" అంటూ అసమాపక క్రియలతో వాక్యాన్ని సాగదీస్తే, మొదలైన పని ఏదీ ముగియకుండా నిలిచిపోతుందని ఆయన కనిపెట్టాడు. దానికి నియమం ఒకటే. వాక్యం చివర పలికే క్రియ నిజమై తీరాలి. అబద్ధమైతే ఆగిన కాలం కదలదు.

కళ్ళంలో ధాన్యం ఎత్తేదాకా "మబ్బు పట్టి, గాలి వీచి" అంటూ వానను ఆపిపెట్టేవాడని చెబుతారు. ఇంట్లో మాత్రం ఆ విద్యకు అంత మర్యాద ఉండేది కాదు. భోజనానికి కూర్చుని ఆయన ఉపన్యాసం ఎత్తుకుంటే పులుసూ చల్లారేది కాదు, ఆకలీ తీరేది కాదు. "నాయనా, క్రియ చెప్పు, ఆకలైతాంది" అని కూతురు పేరిందేవి విసుక్కునేది. తల్లి లేని పిల్ల. ఆయనకు ఆ పిల్లే లోకం.

ఒక ఎండాకాలం పేరిందేవికి విషజ్వరం తగిలింది. వైద్యుడు నాడి చూసి చేయి వదిలేశాడు. పిల్ల నీళ్ళడిగింది. చెంబు తెచ్చి నోటికి అందిస్తే మింగలేకపోయింది. ఎగఊపిరి మొదలైంది. ఆ భయంలో సోమయాజి తనకు తెలిసిన పని ఒక్కటే చేశాడు. "మా పేరిందేవి పుట్టి, బోర్లాపడి, పాకి, ఈ గడప పట్టుకుని నిలబడి, నడిచి..." అని వాక్యం మొదలుపెట్టాడు.

పోబోతున్న ఊపిరి పోకుండా నిలిచింది. దానితోపాటు ఊరూ నిలిచింది. పడమటికి వాలిన పొద్దు కుంకలేదు. పొయ్యి మీది ఎసరు మరగలేదు. ఎంతకాలమని కొందరు భక్తులు అడుగుతుంటారు. కాలమే ఆగినప్పుడు ఎంతకాలమో ఎవరు చెప్పగలరు? సోమయాజి మాత్రం పిల్ల ముచ్చట్లు ఒక్కొక్కటే వాక్యంలో పేరుస్తూ పోయాడు. పాలపళ్ళు ఊడి, వాటిని ఇంటి కప్పు మీదికి విసిరి, మేకపిల్లకు పూసలు కట్టి, అలిగి, అన్నం మాని, మళ్ళీ తానే వచ్చి ఒళ్ళో కూర్చుని...

అప్పుడు గోడ అవతలి నుంచి ఎల్లక్క గొంతు వినిపించింది. ఆమె పక్కింటి గొర్రెలకాపరి భార్య. "సామీ, నా కోడలికి నొప్పులొచ్చి, బిడ్డ తల కనబడి, ఆడనే ఆగి, పిల్ల అల్లాడి, అల్లాడి..." అని ఆగిపోయింది. మళ్ళీ మొదటి నుంచి ఎత్తుకుంది. మళ్ళీ అక్కడే ఆగింది. ఎంత ప్రయత్నించినా ఆమె నోటికి క్రియ అందలేదు.

తన వాక్యం ఆమె మాటను కూడా పట్టి ఉంచిందని సోమయాజికి అర్థమైంది. ఇక ముగించాలి. ముగించడానికి ఆయనకు తెలిసిన నిజమైన క్రియ ఒక్కటే, "పోయింది". కూతురి చేయి పట్టుకుని, "నీళ్ళడిగి, తాగలేక, నన్ను చూసి, పోయి..." అన్నాడు. ఆ మాట పూర్తిచేయడానికి నోరు రాలేదు. అవతల ఎల్లక్క మళ్ళీ మొదటి నుంచి ఎత్తుకుంది. సోమయాజి కళ్ళు మూసుకుని "వస్తుంది" అన్నాడు.

పేరిందేవి ఊపిరి పోయింది. ఎసరు పొంగింది, పొద్దు కుంకింది, గోడ అవతల బిడ్డ ఏడ్చింది. "పుట్టినాడు సామీ" అంది ఎల్లక్క. తన పిల్లే తిరిగి వచ్చిందని సోమయాజి అనుకోలేదు. బోరున ఏడ్చాడు. ఏడ్చి ఏడ్చి కాస్త తేరుకున్నాక ఒక సంగతి తట్టింది. అబద్ధపు క్రియకు కాలం కదలదు. ఇప్పుడు కదిలింది.

ఆ తరువాత ఆయన మళ్ళీ ఎన్నడూ కాలాన్ని ఆపలేదు. తలుపు మూయకుండా ఆ ఇంట్లోనే బతికి, అక్కడే కన్నుమూశాడు. ఇల్లు కూలిపోయినా గడప మిగిలింది. దాని చుట్టూ కట్టినదే ఈ గుడి. పోయి వస్తుందన్న మాటను బట్టి పేరిందేవే ఇక్కడ పోయొచ్చమ్మ అనే అమ్మవారయింది.

నేటికీ ఈ గట్టు మీద ఎవరూ "పోతాం" అనరు. గడప ముందు నిలబడి "పోయొస్తాం" అని చెప్పి మెట్లు దిగుతారు. దూర ప్రయాణం పెట్టుకున్నవారూ నెలలు నిండిన ఆడవారూ అలా చెప్పి వెళితే క్షేమంగా ఇల్లు చేరతారని నమ్మకం. సోమయాజి పలికిన "వస్తుంది" భవిష్యత్తా, తద్ధర్మమా, అంటే ఏదో ఒకనాడు వస్తుందనా, ఎప్పుడూ వస్తూనే ఉంటుందనా అని పండితులు ఇప్పటికీ వాదించుకుంటారు. ఆనాడు పుట్టిన ఎల్లక్క మనవడి వంశంవారే ఇక్కడి పూజారులు. వారు ఆ వాదంలో తలదూర్చరు. రోజూ పొద్దు కుంకే వేళకు చెంబులోని పాత నీళ్ళు పారబోసి కొత్తవి నింపుతారు. ఎందుకని అడిగితే, "దప్పికతో పోయినాది గదా, వస్తానే అడుగుతాది" అంటారు.