వెళ్ళొస్తానన్న మాట

అనగనగా అంటే ఊఁ కొట్టాలి మరి. అనగనగా ఒక ఊళ్ళో తుంగచాపలు అల్లుకు బతికే తల్లీకూతుళ్ళు ఉండేవాళ్ళు, బంగారం. కూతురి పేరు మాణిక్యం. పెళ్ళీడు పిల్ల. ఎవరి మొహంలోకీ చూసేది కాదు. డప్పు మోగితే చెవులు మూసుకునేది. ఎవరు ఏ మాటన్నా అదే నిజమనుకునేది. ఊళ్ళోవాళ్ళు పిచ్చిదనేవాళ్ళు. అన్నవాళ్ళ నోళ్ళు పడిపోను. దానికి పిచ్చేమీ లేదు. తన పక్కన కూచునే మనిషి ఒక్కరుంటే చాలని ఉండేది, అంతే.

ఒకరోజు ఈడు పిల్లలు అష్టాచెమ్మా ఆడుతుంటే, నన్నూ ఆడనిస్తారా అని అడిగింది. రేపు రా అన్నారు. మర్నాడు తెల్లారకుండానే వెళ్ళి కూచుంది. వాళ్ళు ఒకళ్ళనొకళ్ళు గిల్లుకుని నవ్వారు.

ఆ తర్వాత పక్కింటావిడ, మా ఇంట్లో ఓ ముద్ద తినెళ్ళు అంది, మాటవరసకి. మాణిక్యం పీట వాల్చుకుని కూచుంది. కుండలో మెతుకు లేదు. పాపం, ఆవిడకి తలకొట్టేసినట్టయింది.

అప్పుడు తుంగమోపులు తెచ్చే బండివాడు అబ్బులు వచ్చాడు. వాడూ మాటకారి కాదు. మోపులు దించి, మాణిక్యం అల్లుతుంటే పక్కనే కూచుని తుంగ అందించేవాడు. నా మొహం చూడవేమని ఏనాడూ అడగలేదు. పిల్లకి ప్రాణం లేచొచ్చింది. తుంగకోతలు అయిపోయిన నాడు అబ్బులు బండెక్కి, "వెళ్ళొస్తా మాణిక్యం" అన్నాడు.

ఇంకేముంది, గుమ్మంలో కూచుంది. వానాకాలం పోయింది. చలికాలం పోయింది. వాడికి ఎక్కడో పెళ్ళయిపోయిందట. వెళ్తాననడం అశుభమమ్మా, అందుకే అందరూ వెళ్ళొస్తానంటారని తల్లి నచ్చచెప్పింది.

"మరి రానివాళ్ళు ఏమనాలమ్మా?" అంది మాణిక్యం.

తల్లి గుమ్మంలోకే కంచం తెచ్చి, ముద్దలు కలిపి పెట్టింది.

ఆ తర్వాత తల్లి మంచాన పడింది. ఆవిడకి చావంటే బెంగ లేదు. ఈ పిల్ల తన కోసం కూడా గుమ్మంలోనే కూచుండిపోతుందని బెంగ. మాణిక్యాన్ని దగ్గరికి పిలిచింది.

"నేను వెళ్తున్నా తల్లీ. మళ్ళీ రాను. నా కోసం చూడకు, వేళకి అన్నం తిను" అంది.

పోయే ముందు అవేం మాటలని చూడొచ్చిన ఆడవాళ్ళు బుగ్గలు నొక్కుకున్నారు. మాణిక్యం మాత్రం తల్లి మీద పడి వెక్కివెక్కి ఏడ్చింది. ఆ తర్వాత గుమ్మంలో కూచోలేదు. పొయ్యి రాజేసుకుని, ఒక్కతే వండుకుని, వేళకి తింది.

అంతే బంగారం. కథ కంచికి, మనం ఇంటికి, నిద్ర నీ కంటికి.