మచ్చ లేని పైకప్పు

ముందు మీరు ఏం చూశారో చెప్పండి. భూమి అడుగున, బొగ్గు గనిలో, నాలుగు దారులు కలిసే చోటు. మూలకొకటి చొప్పున లావాటి దుంగలు పైకప్పును మోస్తున్నాయి. బొగ్గు ధూళికి మంట అంటుకోకుండా గోడలకూ పైకప్పుకూ సున్నపురాయి పొడి చల్లారు కనుక దీపం వేస్తే అంతా తెల్లగా కనిపిస్తుంది. దుంగల చుట్టూ పైన నల్లని చుక్కలున్నాయి. రాయి గట్టిగా ఉందో లేదో చూడటానికి కర్రతో కొట్టినప్పుడు పొడి రాలి పడిన మచ్చలవి. నట్టనడుమ మాత్రం కడిగిన పళ్లెంలాగా ఒక్క మచ్చ లేదు. ఆ నడుమ భాగం కిందే పనివాళ్లు సద్ది గిన్నెలు విప్పుకుని కూర్చున్నారు. ఇందులో మీరు చూసింది ఏమిటి? తొందరపడి జవాబు చెప్పకండి. ఈ ప్రశ్న మొదట అడిగినవాడు, తొందరపడి జవాబు చెప్పినవాళ్లను బతికినన్నాళ్లూ అనుమానంగానే చూశాడు.

ఆయన పేరు ఓదెలు. నడుము వంగేదాకా గనిలో సర్దారుగా చేశాడు. మనుషులు దిగకముందే పనిచోటును పరీక్షించి, లోపలికి పోవచ్చో పోకూడదో చెప్పే పని సర్దారుది. ఆ మాట తప్పితే ఏమవుతుందో ఆయన పుస్తకంలో చదవలేదు, బండ కింది నుంచి తోటివాళ్లను తన చేతులతో లాగి నేర్చుకున్నాడు. రిటైరయ్యాక గని పక్కన రేకుల షెడ్డులో, సర్దారు పరీక్షకు పోయేవాళ్లకు పాఠాలు చెప్పేవాడు. ఆయనకో అలవాటు. కుర్చీ ఇస్తే తట్టి చూడకుండా కూర్చోడు. ఎవరింటికి పోయినా గుమ్మం దాటుతూ వేలి కణుపుతో గోడను కొడతాడు. కొడుక్కి పిల్లను చూడబోయి, ముందు ఆ ఇంటి గోడ చూసి, తరవాతే పిల్లను చూశాడని శిష్యులు చెప్పుకుని నవ్వేవారు. ఆయన వింటూనే ఉండేవాడు. నవ్వేవాళ్లు ఉన్నారంటే బతికి ఉన్నారన్నమాటే కదా అని ఊరుకునేవాడు.

ఆయన దగ్గర చదివేవాళ్లలో రజిత ఒకతె. డిప్లొమా చేసి గనిలో శిక్షణకు చేరింది. తండ్రి రాయమల్లు అదే గనిలో బొగ్గు పనివాడు. గనిలోకి ఆడపిల్లలు దిగడం అప్పుడప్పుడే మొదలైంది కనుక ఆమె ఏం మాట్లాడినా పదిమంది చెవులూ అటే ఉండేవి. అందుకని అడిగే ముందు ఒకటికి రెండుసార్లు ఆలోచించుకునేది. ఒకనాడు పుస్తకంలో ఆమెకు ఒక విశేషణం తగిలింది. ‘డ్రమ్మీ’ అని, రాతి గురించి చెప్పే ఇంగ్లిషు మాట. మామూలు నిఘంటువులో ఈ అర్థం దొరకలేదు. భూగర్భశాస్త్రం పుస్తకాలు తిరగేస్తే, కొడితే బోలుగా మోగే రాయి అని ఒకదాంట్లో ఉంది. పై పొర నుంచి విడిపోయి వేలాడే రాయి అని మరొకదాంట్లో ఉంది. మొదటిది చెవికి తెలిసేది. రెండోది రాతి లోపల, ఎవరికీ కనపడకుండా జరిగిపోయేది. రెండిట్లో ఏది ఆ మాటకు అసలు అర్థమో ఆమెకు తేలలేదు.

అంతకన్నా ఆమెను తొలిచిన సంగతి ఇంకొకటుంది. ఆమె చిన్నప్పుడు తండ్రి డ్యూటీ నుంచి వచ్చి కాళ్లు కడుక్కుంటూ, ఇవాళ కప్పు డొల్ల పలికింది, పని ఆపేశారని తల్లితో అనేవాడు. తల్లి చేతిలో పని వదిలేసి ఆయన ముఖం కేసి చూసేది. డ్రమ్మీకి గనిలో వాడే తెలుగు మాట అదే, ఇంట్లో తరచుగా వినబడేది. ఇప్పుడు గనిలో ఎవరి నోటా అది లేదు. తోటివాళ్లను అడిగితే అది పాతకాలం మాట, పరీక్షలో రాదు, వదిలేయమన్నారు. రజిత కూడా అలాగే అనుకుంది. కప్పులు బాగుపడ్డాయి, మాట అరుదైపోయింది. అయినా మనసు ఒప్పక, పాఠం అయ్యాక నిలబడి అడిగింది. “సార్, ఈ మాటకు సరైన అర్థమేంది? ఇప్పుడు ఎవ్వలు వాడుత లేరు గద, దీన్ని ఎక్కడ వాడాలె?”

ఓదెలు గోడను చూసే చూపుతో ఆమెను కాసేపు చూశాడు. పొద్దున మీ బాపు పనిచేసే చోటికి రా, ఆఫీసులో అడిగి నేనూ వస్తానన్నాడు.

మర్నాడు అందరూ మనుషులను దింపే బండిలో దిగితే ఆయన మాత్రం నడిచి దిగాడు. చేతిలో ఒక కర్ర ఉంది. ఆయన నెత్తి కన్నా ఎత్తు, చివర ఇనుప పొన్ను. ఎన్నాళ్లనుంచో షెడ్డులో అడ్డంగా కట్టి ఉండేది. శిష్యులు దాని మీద తడి తువ్వాళ్లు ఆరేసుకునేవారు. అంత పొడుగు కర్ర బండిలో పట్టదు. పక్కనుంచి పోతున్న బండిలోవాళ్లు, జెండా మరిచిపోయినవేంది సార్ అని ఎగతాళి చేశారు. ఆయన తల తిప్పలేదు.

అక్కడి సర్దారు పోశం ఓదెలుకు బావమరిది వరస. కలుపుగోలు మనిషి. నవ్వించకుండా నాలుగడుగులు వేయలేడు. అప్పటికే దారులు కలిసే చోటు పరీక్ష మొదలుపెట్టాడు. ఒక దుంగ పక్కన నిలబడి, చెయ్యి చాచి, కర్రతో పైకి కొట్టాడు. ఖంగున మోగింది. రెండో దుంగ దగ్గరికి నడిచి కొట్టాడు. ఖంగున మోగింది. అలా అన్ని దుంగల దగ్గరా కొట్టి, కొత్త పిల్లకు పాఠం చెప్పే హుషారులో రజిత వైపు తిరిగి, విన్నావా, ఇనుమే అన్నాడు. దారులు కలిసే చోట గాలి బాగా ఆడుతుంది, కాళ్లు చాపుకోవడానికి జాగా ఉంటుంది. అందుకని పనివాళ్లు పని మొదలుపెట్టేముందు అక్కడే తింటారు. రాయమల్లు జట్టువాళ్లు వచ్చి నడుమ కూర్చుని గిన్నెలు విప్పారు.

ఓదెలు పొడుగు కర్రను గోడకు ఆనించి, రజితను పక్కకు పిలిచి ఏం చూశావని అడిగాడు. కప్పు గట్టిగా పలికింది, ఇది డ్రమ్మీ కాదని చెప్పింది.

“అది నువ్వు విన్నది. జూసింది చెప్పు.”

రజిత తలెత్తింది. ఆమె టోపీ దీపం వెలుగు దుంగ మీదుగా పైకి పోయి, నల్లచుక్కల మీద పాకి, నడుమకు వచ్చి ఆగింది. నడుమ శుభ్రంగా ఉందని, ఒక్క మచ్చ కూడా లేదని చెప్పబోయింది. సగంలో ఆగి మళ్లీ పైకి చూసింది. మచ్చ ఎందుకు లేదు? పోశం చేతి వైపు చూసింది. ఆయన కర్రను మడిచిన గొడుగులాగా నడుము పట్టీలో దోపుకున్నాడు. మోచేతి కన్నా కాస్త పొడుగు, అంతే. సర్దారు దుంగ పక్కనే నిలబడి కొట్టాలి, పరీక్షించని కప్పు కిందికి అడుగు పెట్టకూడదు. అది నియమం. పోశం ఆ నియమాన్ని ఎన్నడూ తప్పలేదు. దుంగ పక్కనే నిలబడ్డాడు. అందినంత దూరమూ కొట్టాడు. దుంగ అదిమి పట్టిన చోట ఏ రాయైనా గట్టిగానే పలుకుతుంది.

అప్పుడే రాయమల్లు, “రా బిడ్డా, కూసో, మీ అమ్మ పచ్చిపులుసు పంపింది” అని పిలిచాడు.

ఆమె ఓదెలు వైపు చూసింది. ఆయన గోడకేసి చూస్తున్నాడు. తనకేమీ పట్టనట్టు ఉన్నాడు. ఆమెకు ఆయన మీదే అనుమానం వచ్చింది. ఆ బావాబావమరుదులకు పాత పట్టింపులున్నాయని ఎవరో అనగా విన్నది. పోశాన్ని అవమానించడానికి తనను వాడుకుంటున్నాడా? జట్టును అన్నం ముందు నుంచి లేపాక, కొడితే ఖంగుమంటే? ఆడపిల్ల గనిలోకి వచ్చి కప్పును చూసి జడిసిందని కాలనీ కాలనీ నవ్వుతుంది. తండ్రి రేపు హాజరు వేసే చోట తలెత్తుకోలేడు. తరవాత తను సర్దారై ఎన్ని కప్పులు పరీక్షించినా ఎవరూ ఆమె మాట పట్టించుకోరు. ఇన్నీ ఆలోచించింది. పైన ఆ తెలుపు అలాగే ఉంది. కింద తండ్రి ముద్ద కలుపుతున్నాడు.

“బాపూ, జర లేచి ఇవతలికి రాండ్రి. కప్పు కొట్టి చూడాలె.”

మీ పోశం కాక ఇప్పుడే కొట్టాడు కదా అన్నాడు రాయమల్లు. జట్టులో సదయ్య అనేవాడు, పొద్దున కోడి గుడ్డు పెట్టింది, సాయంత్రానికి ఆ గుడ్డే కోడికి బుద్ధి చెప్తున్నదని నవ్వాడు. పోశం నవ్వలేదు. అతని ముఖంలో రంగు మారింది. రజితను ఏమీ అనకుండా ఓదెలు మీదికి తిరిగాడు.

“నీకు నీ నీడ మీద గూడ అనుమానమే బావా. లేకుంటే ఆఫీసోళ్లు పంపిన్రా నిన్ను, మా తప్పులు ఏరుకరమ్మని?”

 రాయమల్లు కూతురి ముఖం చూశాడు. ఆ ముఖంలో ఏం కనపడిందో, ఒకప్పుడు తన మాట విని చేతిలో పని వదిలేసిన భార్య ముఖం గుర్తొచ్చిందో, గిన్నె చేతబట్టుకుని లేచాడు. అతని వెనక ఒక్కొక్కరే లేచారు. సదయ్య ఈ ముద్ద తిని లేస్తానన్నాడు. అతను లేచేదాకా రజిత కర్ర ఎత్తలేదు. అతను గొణుక్కుంటూ పక్కకు వచ్చాక పొడుగు కర్ర తీసుకుని, దుంగ పక్కన నిలబడి, నట్టనడుమ పైకి కొట్టింది.

ఖంగుమనలేదు. మంట దగ్గర కాచని డప్పులాగా దబ్‌మంది. తెల్లని పొడి, ఇప్పటిదాకా రాయమల్లు కూర్చున్న చోట రాలింది.

పోశం ఇంకోసారి కొట్టమన్నాడు. ఆమె కొట్టింది. అదే చప్పుడు. కాస్త ఇవతలికి జరిపి కొట్టింది. అదే. దుంగ దగ్గరకు వచ్చేసరికి మాత్రం రాయి మళ్లీ ఖంగుమంది. పోశం నడుములోంచి తన కర్ర తీసి, ఎవరిదో అయినట్టు చేతిలో తిప్పి చూసుకున్నాడు. తను పనిలో చేరినప్పుడు మేస్త్రీ ఇచ్చిన కర్ర తన నెత్తి దాకా ఉండేదని చెప్పాడు. బండి ఎక్కేటప్పుడు తగులుతోందని కాస్త కోశాడు. అది విరిగాక చేయించుకున్న కొత్త కర్రను కోసిన దాని కొలతకే చేయించాడు. బండిలో ఒళ్లో పెట్టుకోవడానికి వీలుగా లేదని అదీ కాస్త కోశాడు. తన దగ్గర పని నేర్చుకున్నవాళ్లు తన కర్ర చూసి తమ కర్రలు చేయించుకున్నారు. పొట్టి కర్ర పెట్టుకోమని పై వాళ్లు చెప్పలేదు. ఎవరూ ఎవరినీ మోసం చేయాలనుకోలేదు. రోజూ కొట్టారు, రోజూ గట్టిగా పలికింది, రోజూ పలికిందే చెప్పారు. అందులో ఒక్క అబద్ధం లేదు.

పోశం ఆ చోటుకు అడ్డంగా కర్రలు కట్టి దారి మూసి, కొత్త దుంగల కోసం మనిషిని పంపాడు. ఆ రాయి తరవాత పడిందా అని అడిగేవాళ్లు ఉంటారు. మనిషి నలిగితే తప్ప ఏదీ నమ్మనివాళ్లు మన మధ్య కొల్లలు. పడలేదు. నడుమ దుంగలు పెట్టారు కనుక పడలేదు. పడలేదు కనుక దాని గురించి ఎవరూ చెప్పుకోలేదు. రాయమల్లు జట్టు మరో చోట కూర్చుని చల్లారిన అన్నం తిన్నది. తినేముందు సదయ్య తలెత్తి పైకి చూశాడు. ఆ రోజు నుంచి అతనికది అలవాటైంది.

రజిత బండెక్కలేదు. పొడుగు కర్ర తనే పట్టుకుని ఓదెలు పక్కన ఎత్తు ఎక్కుతూ నడిచింది. దారి పొడుగునా దారులు కలిసే చోట్లు వచ్చాయి. ప్రతిచోటా దుంగల చుట్టూ నల్లచుక్కలు, నడుమ తెలుపు. నిన్నటిదాకా ఆ తెలుపు చూస్తే ఆమెకు ధైర్యంగా ఉండేది. ఇప్పుడు ఒక్కొక్కటీ దాటుతుంటే వీపు మీద ఎవరో ఊపిరి వదులుతున్నట్టు అనిపించింది. ఒక మలుపు దగ్గర ఓదెలు ఆయాసంతో ఆగాడు. ఆగి, అలవాటు చొప్పున వేలి కణుపుతో గోడను కొట్టాడు. రజిత నిన్నటి ప్రశ్న మళ్లీ అడగలేదు. అడగకపోయినా అది ఇద్దరి మధ్యా ఉంది.

“కప్పులు బాగుపడ్డయి గనుకనే ఆ మాట పోయిందనుకున్నవ్” అన్నాడాయన. “కప్పులు అట్లనే ఉన్నయి బిడ్డా. కర్రలే పొట్టిగైనయి.”

సరే, ఇప్పుడు చెప్పండి. అంతా బాగానే ఉందని మీరు నిన్న అన్నారే, ఆ మాట అనకముందు మీ కర్ర ఎంతదాకా అందింది?