రాని చలికాలం

గవరయ్య మాస్టారిని ఏదైనా అడిగితే తిన్నగా జవాబు చెప్పి ఎరగరు. ముందు లేచి వరండాలో మేకుకి వేలాడే థర్మామీటరు చూస్తారు, పక్కనున్న పలక మీద అంకె వేస్తారు, ఆ తరవాతే మనిషి వంక చూస్తారు. ఆఫ్రికా నడిమధ్యన, భూమధ్యరేఖకి ఆనుకుని, ఎటు చూసినా కొండలే ఉన్న ఆ దేశంలో ఆయన ముప్ఫై ఏళ్ళుగా భూగోళం పాఠాలు చెబుతున్నారు. అదే బళ్ళో లెక్కలు చెప్పే ఫణిభూషణం ఆయనకి శిష్యుడు. నలభై దాటినవాడు శిష్యుడేమిటంటారా? ఆ కొండ మీద తెలుగులో మాట్లాడుకోవడానికి ఒకరికొకరు తప్ప ఇంకెవరూ లేరు మరి.

అక్టోబరులో ఒకనాడు, రోజూలాగే రెండింటికి వాన అందుకోగానే, ఫణిభూషణం తడుస్తూ వచ్చి వరండాలో కూర్చున్నాడు. తల తుడుచుకుని అడిగాడు.

"మాస్టారూ, ఈ దేశంలో ప్రయాణానికి మంచి కాలం ఏది?"

అడిగింది వాతావరణం గురించే గానీ, దాని వెనక సంగతి వేరే ఉంది. కొండ దిగితే ఐదు గంటల దారిలో, సరస్సు ఒడ్డు ఊళ్ళో అతని అక్క ఉంటుంది. మార్చిలో బావ పోయాడు. ఆ వారమే కొండచరియలు విరిగిపడి దారి మూసుకుపోయింది. తెరుచుకునేసరికి పదోరోజు కూడా దాటిపోయింది, ఇక అక్క ముందుకెళ్ళి నిలబడడానికి అతనికి మొహం చెల్లలేదు. "వానలు వెలిశాక వస్తానక్కా" అన్నాడు. జూన్‌లో వెలిశాయి. "ఇప్పుడంతా దుమ్ము, ఎదర బండి కనపడదు" అన్నాడు. దుమ్ము అణిగేసరికి మళ్ళీ వానలు. ఈ నెలాఖరుకి ఆవిడ ఇల్లు ఖాళీ చేసి ఇండియా వెళ్ళిపోతోంది. మొన్న ఆదివారం ఫోనులో ఎప్పుడొస్తావని అడగలేదు. "సరేలేరా, వీలు చూసుకో" అంది. ఆ మాట విన్న దగ్గర్నుంచి అతనికి అన్నం సహించడం లేదు.

మాస్టారు లేచి థర్మామీటరు చూశారు. పలక మీద పదహారు అని వేశారు. తరవాత లోపలికి వెళ్ళి, ట్రంకుపెట్టెలోంచి బూడిదరంగు స్వెటరొకటి తెచ్చి ఒళ్ళో పెట్టుకున్నారు. నాఫ్తలీన్ వాసన గుప్పుమంది. ఒక్క పోగైనా నలగలేదు.

"నేనీ దేశం వస్తుంటే మా ఆవిడ పైడమ్మ అల్లిచ్చింది. 'చలికాలంలో ఏసుకోండి, ఏసుకుని ఫొటో తీయించుకు పంపండి' అంది. సరేనన్నాను. పుష్యం వచ్చింది. పొద్దున్న పదకొండు డిగ్రీలు, మధ్యాహ్నం ఇరవై రెండు. వైశాఖమూ అంతే, శ్రావణమూ అంతే. తెల్లారి అంకె రాస్తుంటే చెయ్యి వణికేది. ఇప్పుడే ఇలా ఉంటే చలికాలం ఇంకెలా ఉంటుందో, అప్పటికి దాచుకుందాం అనుకునేవాణ్ణి."

"భూగోళం చెప్పే మీరా, మాస్టారూ?"

"పాఠం పిల్లలకి చెప్పానోయ్, నా ఒంటికి చెప్పలేదు. దానికింకా మా విజయనగరం కాలెండరే." మాస్టారు నవ్వబోయి మానుకున్నారు. "చలికాలం ఇంకా రాలేదు, రాగానే ఫొటో పంపుతానని ఉత్తరం రాశాను. రెండో ఏడూ అదే రాశాను. ఆ ఉత్తరం చేరేసరికి పైడమ్మ లేదు. జ్వరమట, నాలుగురోజులట."

వాన రేకుల మీద మోగుతోంది.

"టెలిగ్రాం వచ్చిన పూట ఈ గడప మీద కూర్చున్నాను. ఎవరితో చెప్పుకోను? నా భాష తెలిసినవాళ్ళు అప్పట్లో ఈ చుట్టుపక్కల లేరు. మర్నాడు పొద్దున్నే, రోజూ పాలు పోసే ఈ ఊరావిడ ముకమానా వచ్చింది. దుప్పటి చెవులదాకా కప్పుకుని ఉంది. వచ్చీరాని వాళ్ళ భాషలో అడిగాను, మీకు చలికాలం ఎప్పుడొస్తుందని. ఆవిడ నావంక వింతగా చూసి, 'రోజూ తెల్లారి వస్తుంది కదయ్యా, ఎనిమిదింటికి పోతుంది. ఇన్నాళ్ళూ చూడలేదా?' అంది. చెంబులో పాలు పోసి వెళ్ళిపోయింది."

నాలుగున్నరకి, రోజూలాగే, వాన వెలిసింది. కిందికి దిగే దారి మలుపు మలుపుగా తేటపడింది. ఫణిభూషణం దానివంక చూస్తూ కూర్చున్నాడు. అక్కతో మొదటి మాట ఏమనాలో అతనికింకా తెలియడం లేదు. వెళ్ళొస్తానని లేచాడు.

మాస్టారు స్వెటరు మడత విప్పి, ఒకసారి దులిపి, అతని చేతిలో పెట్టారు.

"రేపు పొద్దున్న ఆరున్నర బస్సుకి బాగా చలేస్తుంది" అన్నారు. "వేసుకెళ్ళు."